జాంబీకి కులం దొరికింది, గేరి కనిపించలేదు: ప్రశాంత్ వర్మ సినిమాలపై ఒక పరిశీలన

2020 ఆగస్టులో దర్శకుడు ప్రశాంత్ వర్మ తన మూడో సినిమా పేరు ప్రకటించారు: 'జాంబీ రెడ్డి'. పేరు బయటికి వచ్చిందో లేదో గొడవ మొదలైంది. రెడ్డి అనే మాటను జాంబీ పక్కన పెట్టడం తమను కించపరచడమేనని ఆ సామాజికవర్గం నుంచి కొందరు అభ్యంతరం చెప్పారు. ఎవరినీ తక్కువ చేసే ఉద్దేశం లేదని, ఇది కర్నూలు నేపథ్యంలో సాగే కథ అని దర్శకుడు వివరణ ఇచ్చుకున్నారు. పేరు మారలేదు. 2021 ఫిబ్రవరి 5న సినిమా విడుదలైంది, బాగానే ఆడింది.

ఆ గొడవలో ఒక విషయం ఎవరి నోటా రాలేదు. కర్నూలు కథంటే రెడ్డి పేరు రావడం సహజమేనని అటు దర్శకుడూ ఒప్పుకున్నట్టే, ఇటు అభ్యంతరం చెప్పినవాళ్లూ ఒప్పుకున్నట్టే. తగాదా అంతా ఆ పేరు గౌరవం గురించి. కర్నూలంటే ఇంకెవరు? ఆస్పరి, ఆదోని, ఎమ్మిగనూరు, కోసిగి వైపు నిలబడి చూసేవాళ్లకు ముందు తోచే ప్రశ్న ఇది. బోయలు, కురుబలు, మాదిగలు, మాలలు, ముస్లింలు నిండుగా బతికే నేల ఇది. సగం కన్నడం కలిసిన తెలుగు మాట్లాడే నేల. తెలుగులో వచ్చిన తొలి జాంబీ సినిమా మన జిల్లా పేరు చెప్పుకుని వచ్చింది. అందులో మన గేరి ఉందా అని వెతకడం అత్యాశేమీ కాదు.

ప్రశాంత్ వర్మను కేవలం ఆ ఒక్క సినిమాతో తూచడం న్యాయం కాదు. తెలుగులో హారర్‌ని, సైన్స్ ఫిక్షన్‌ని నమ్ముకుని, పెద్ద హీరోల కాల్షీట్ల కోసం కాచుకోకుండా దారి వేసుకున్న దర్శకులు తక్కువ. అంతకుముందు సైన్స్ ఫిక్షన్ అంటే అందరికీ గుర్తొచ్చేది 1991లో సింగీతం శ్రీనివాసరావు తీసిన 'ఆదిత్య 369'. హారర్ అంటే రాంగోపాల్ వర్మ 'రాత్రి', 'దెయ్యం'. పశ్చిమ గోదావరి నుంచి వచ్చిన ఇంజనీరింగ్ కుర్రాడు ప్రశాంత్ వర్మ షార్ట్ ఫిల్ములతో మొదలుపెట్టారు. 2018లో 'అ!' తీశారు. నటుడు నాని నిర్మాతగా మారి సమర్పించిన సినిమా అది.

'అ!' ఇప్పటికీ ఆయన తీసినవాటిలో ధైర్యమైన సినిమా అని నా అభిప్రాయం. ఒక రెస్టారెంటులో కథంతా. ఇద్దరు అమ్మాయిల ప్రేమ, టైమ్ మెషీన్ తయారు చేయాలనుకునే కుర్రాడు, మత్తుమందుకు అలవాటుపడి బాత్‌రూమ్‌లో దెయ్యాన్ని చూసే వెయిట్రెస్, మాట్లాడే చేప, మాట్లాడే బోన్సాయ్ చెట్టు. వీళ్లంతా ఒకే స్త్రీ మనసులో నివసించే మనుషులని చివర్లో తెలుస్తుంది. చిన్నతనంలో ఆమె మీద జరిగిన లైంగిక హింస ఆమెను అన్ని ముక్కలు చేసింది. ఇక్కడ దెయ్యం పైనుంచి ఊడిపడలేదు. ఒక మనిషి మరో మనిషికి చేసిన పని నుంచి పుట్టింది. హారర్, సైన్స్ ఫిక్షన్ రెండూ ఒక స్త్రీ గాయాన్ని చెప్పడానికి పనికొచ్చాయి. 66వ జాతీయ అవార్డుల్లో మేకప్‌కి, స్పెషల్ ఎఫెక్ట్స్‌కి గుర్తింపు వచ్చింది. కథలోని ఆ తెగువకు అవార్డు లేదు, అది వేరే సంగతి.

మరుసటి ఏడాది రాజశేఖర్‌తో తీసిన 'కల్కి' గురించి ఇక్కడ చెప్పుకోవాల్సింది పెద్దగా లేదు. పోలీసు హీరో, ఊళ్లో హత్య, దానికి చుట్టిన రహస్యం.

'జాంబీ రెడ్డి' దగ్గర ఆగాలి. హైదరాబాదులో వీడియో గేములు తయారుచేసే కుర్రాడు, స్నేహితుడి పెళ్లి కోసం మిగతా మిత్రులతో కలిసి కర్నూలు వైపు రుద్రవరం వస్తాడు. పెళ్లింట ఫ్యాక్షన్ పగలు రగులుతుంటాయి. కరోనా రోజుల్లో వికటించిన ఒక ప్రయోగం వల్ల జాంబీలు తయారవుతారు. వేటకొడవళ్లతో ఒకరినొకరు నరుక్కోవడానికి వచ్చినవాళ్లు చచ్చి లేచిన శవాలతో పోరాడాల్సి వస్తుంది. ఆలోచన సరదాగా ఉంది, తెలివిగానూ ఉంది. హీరో తేజ సజ్జ బాలనటుడిగా 2002 నాటి 'ఇంద్ర'లో చిన్ననాటి ఇంద్రసేనారెడ్డిగా కనిపించిన పిల్లాడే. తొడలు కొట్టే సినిమాలో పెరిగిన పిల్లాడు పెద్దవాడై తొడలు కొట్టేవాళ్ల మధ్య జాంబీలను నరుకుతుంటే ప్రేక్షకుడికి నవ్వు వస్తుంది. 'సమరసింహారెడ్డి' నుంచి 'ఇంద్ర' దాకా సినిమావాళ్లు కర్నూలు, కడప, అనంతపురాలను ఎలా అమ్ముకున్నారో తెలిసినవాళ్లకు ఆ వెక్కిరింపులో కొంత న్యాయం కూడా కనిపిస్తుంది.

అయితే వెక్కిరింపు ఎంతదూరం పోయింది? ఫ్యాక్షన్‌ని నవ్వులపాలు చేసింది, ఫ్యాక్షన్ చూసే ఊరినే మళ్లీ చూపించింది. రెండు పెద్దిళ్లు, రెండు పెద్దిళ్ల మధ్య పగ, వాళ్ల చుట్టూ పేరులేని గుంపు. బాలగోపాల్ వంటి హక్కుల కార్యకర్తలు రాయలసీమ ఫ్యాక్షన్లను ఏళ్ల తరబడి చూసి రాసినదంతా ఆ గుంపు గురించే. ఫ్యాక్షన్‌లో చచ్చేది, జైలుకు పోయేది, ఊరు వదిలి పారిపోయేది ఎక్కువగా ఆ పేరులేని అనుచరులు. వాళ్లు ఏ కులాల నుంచి వస్తారో మన ప్రాంతంలో ఒకరు చెప్పనక్కర్లేదు. పగ ఎవరిదో, ఎందుకో తనకు సంబంధం లేకపోయినా యజమాని సైగ చేస్తే కొడవలి ఎత్తాల్సిన మనిషి. నిజానికి జాంబీ కథ చెప్పాల్సింది ఇతని గురించి. సినిమా అతని మీదుగా నడిచిపోయింది.

ఈ మాట ఊరికే అనడం లేదు. జాంబీ అనే ఊహ పుట్టిందే బానిసల బతుకులో. ఫ్రెంచివాళ్ల చెరకు తోటలు నడిచిన హైతీలో, ఆఫ్రికా నుంచి పట్టి తెచ్చిన బానిసలకు చావు ఒక విడుదల. చచ్చిపోతే తమ పూర్వీకుల నేలకు తిరిగి వెళ్లిపోతామని నమ్మేవారు. ఆ విడుదల కూడా దక్కకుండా, చచ్చాక కూడా దొర తోటలో పనిచేస్తూ ఉండిపోయే శవమే జాంబీ. తనకంటూ ఒక ఇష్టం ఉండదు, కూలి ఉండదు, అలుపు చెప్పుకునే నోరుండదు. 1791లో మొదలైన తిరుగుబాటుతో హైతీ బానిసలు 1804కల్లా స్వతంత్ర దేశం సాధించుకున్నారు. తర్వాత 1915 నుంచి 1934 దాకా అమెరికా సైన్యం హైతీని ఆక్రమించుకుని ఉన్నప్పుడు ఈ కథలు అమెరికా చేరాయి. 1932లో వచ్చిన 'వైట్ జాంబీ' సినిమాలో చక్కెర మిల్లులో జాంబీలు గానుగ తిప్పుతుంటారు. ఒకడు కాలుజారి యంత్రంలో పడిపోతాడు, మిగతావాళ్లు తలెత్తి చూడరు. మన తాతల కాలం జీతగాళ్ల కథ విన్నవాళ్లకు ఆ దృశ్యం అర్థం కావడానికి పాఠం చెప్పాల్సిన పనిలేదు. వెట్టిచాకిరీని రద్దు చేస్తూ మన దేశంలో చట్టం వచ్చింది 1976లో.

ఆ జాంబీని మనుషుల్ని పీక్కుతినే గుంపుగా మార్చినవాడు జార్జ్ రొమేరో. 1968లో పిట్స్‌బర్గ్‌లో, ప్రకటనల చిత్రాలు తీసుకుంటున్న మిత్రబృందంతో కలిసి, సుమారు లక్షా పద్నాలుగు వేల డాలర్ల ఖర్చుతో 'నైట్ ఆఫ్ ది లివింగ్ డెడ్' తీశాడు. హాలీవుడ్ స్టూడియో ఏదీ వెనక లేదు. నలుపు తెలుపు సినిమా. అందులో జాంబీ అన్న మాటే వినపడదు. కథానాయకుడిగా డ్యుయేన్ జోన్స్ అనే నల్లజాతి నటుణ్ని పెట్టారు. రాత్రంతా శవాలతో పోరాడి బతికిన ఆ ఒక్క మనిషిని, పొద్దున తుపాకులతో వచ్చిన తెల్లవాళ్ల గుంపు జాంబీ అనుకుని కాల్చేస్తుంది. అతని శవాన్ని కొక్కేలతో లాక్కెళ్లి మంటలో వేస్తారు. మార్టిన్ లూథర్ కింగ్‌ని చంపిన ఏడాది అది. వేరుగా ఉపన్యాసం ఇవ్వాల్సిన అవసరం రాలేదు. రక్షించడానికి వచ్చిన గుంపుకూ చంపడానికి వచ్చిన గుంపుకూ తేడా లేదని ప్రేక్షకుడికి అర్థమైంది.

రొమేరో సినిమాకూ ప్రశాంత్ వర్మ సినిమాకూ పోలిక ఎందుకంటే, ఇద్దరూ చిన్న ఖర్చుతో, స్టార్ లేకుండా, తమ ప్రాంతపు నేల మీద అదే బొమ్మను నిలబెట్టారు. ఒకాయన బొమ్మలో ఆ దేశపు అసలు భయం కనిపించింది. ఇంకొకాయన బొమ్మకు కులం పేరు తగిలింది గానీ కులం కనిపించలేదు. నేను చూసినంతలో ఊరి చివర ఇళ్లలోకి కెమెరా వెళ్లలేదు.

అందులోనూ ఏ ఏడాది? 2020 ఏప్రిల్‌లో రాష్ట్రంలో కరోనా కేసులు ఎక్కువ నమోదైన జిల్లాల్లో కర్నూలు ముందుంది. మార్చి 25న దేశమంతా లాక్‌డౌన్ పడేనాటికి మన పడమటి మండలాల కుటుంబాలు వేలకు వేలు గుంటూరు మిర్చి చేలల్లో ఉన్నాయి. బయటివాళ్లు దాన్ని వలస అంటారు, మనం సుగ్గి అంటాం. ఊళ్లో వానల మీద ఆధారపడ్డ పంట పోయినా వచ్చినా, పత్తి తీతకో మిర్చి కోతకో పిల్లాజెల్లాతో, బియ్యం మూటలతో పోవడం. చేల పక్కన గుడారాలు. బడి మానేసిన పిల్లలు. లాక్‌డౌన్‌తో బస్సుల్లేవు, రైళ్లు లేవు. ఊరికి ఎలా చేరాలో తెలియదు, చేరితే రోగం తెచ్చారంటారేమోనన్న భయం. తాకితే అంటుకుంటుందని మనిషి మనిషికి దూరం జరగడం దేశానికి ఆ ఏడాది కొత్త. గేరికి మాత్రం కాదు. కరోనా కాలపు కర్నూలు మీద భయానక చిత్రం తీస్తున్న దర్శకుడి కళ్ల ముందు ఇంత కథ ఉంది. ఆయనకు పెళ్లిల్లు కనిపించింది.

ఒక చిన్న ముచ్చట. 2024 సంక్రాంతికి ప్రశాంత్ వర్మ 'హనుమాన్' విడుదలైన జనవరి 12నే మహేశ్‌బాబు 'గుంటూరు కారం' కూడా వచ్చింది. పెద్ద సినిమా వల్ల చిన్న సినిమాకు థియేటర్లు దొరకడం లేదని అప్పట్లో పెద్ద చర్చే జరిగింది, అందులో నిజమూ ఉంది. ఒక సినిమాలో హీరో మిర్చి వ్యాపారి. ఇంకో సినిమాలో హీరో దైవబలం దొరికిన పల్లెటూరి కుర్రాడు. రెండూ ఆడుతున్న ఆ రోజుల్లోనే మన మండలాల జనం గుంటూరు చేలల్లో మిర్చి కోస్తున్నారు. కారం పేరుతో వచ్చిన సినిమాలోనూ వాళ్లు లేరు.

'హనుమాన్'తో ప్రశాంత్ వర్మ దారి మలుపు తిరిగింది. అంజనాద్రి అనే కల్పిత ఊరు. ఊరిమీద పెత్తనం చేసే పాలెగాడు. దొంగతనాలు చేసుకు తిరిగే హనుమంతు. హనుమంతుడి రక్తపు బొట్టు నుంచి పుట్టిన మణి వాడి చేతికి దొరికి, వాడికి అసాధారణ శక్తి వస్తుంది. అవతల మైకేల్ అనే విలన్. ఎలాగైనా సూపర్ హీరో కావాలని శాస్త్రవేత్తను పక్కన పెట్టుకుని కవచాలు, యంత్రాలు తయారు చేయిస్తుంటాడు. తక్కువ ఖర్చుతో తీసిన ఈ సినిమా వందల కోట్లు వసూలు చేసింది. 2025 ఆగస్టులో ప్రకటించిన 71వ జాతీయ అవార్డుల్లో యానిమేషన్, విజువల్ ఎఫెక్ట్స్ విభాగంలో ఉత్తమ చిత్రమైంది. స్టంట్లకూ అవార్డు వచ్చింది. పనితనం విషయంలో నాకు పేచీ లేదు. డబ్బు లేనిచోట బుర్ర ఎలా వాడాలో నేర్చుకోవాలంటే ఆ సినిమాను మళ్లీ మళ్లీ చూడొచ్చు.

పేచీ వేరేచోట ఉంది. మూడు సినిమాలు వరుసగా పెట్టి చూడండి. 'అ!'లో సైన్స్ ఒక కుర్రాడి కల. 'జాంబీ రెడ్డి'లో సైన్స్ చేసిన తప్పు వల్ల ఊరు శవాలమయం అవుతుంది, జనం తలదాచుకోవడానికి గుడి కావాల్సి వస్తుంది. 'హనుమాన్'కి వచ్చేసరికి సైన్స్ మైకేల్ చేతిలో ఉంది, గెలుపు దేవుడి చేతిలో ఉంది. అ సినిమాలో మనిషి చేసిన హింస నుంచి పుట్టిన భయం, ఆరేళ్లలో దేవుడొచ్చి తీర్చే ఆపదగా మారిపోయింది. 'హనుమాన్' విడుదలైన పది రోజులకు అయోధ్యలో ప్రాణప్రతిష్ఠ జరిగింది. అమ్మిన ప్రతి టికెట్టు మీద 5 రూపాయలు ఆ గుడికి ఇస్తామని చిత్రబృందం ప్రకటించింది. ఎవరి భక్తి వాళ్లది, దాని మీద తగవు లేదు. కానీ రాజ్యాంగం 51-ఏ అధికరణలో పౌరుల బాధ్యతగా రాసిన శాస్త్రీయ దృష్టి, సైన్స్ ఫిక్షన్ తీసే దర్శకుడి చేతిలో విలన్‌కి అంటగట్టిన గుణమైపోతే, ఆ సంగతి చదువుకునే పిల్లలకు చెప్పకుండా ఎలా ఉంటాం? పాలెగాడి సంగతీ అంతే. మన సీమలో పాలెగాళ్లంటే చరిత్ర. 1800లో దత్తమండలాలకు వచ్చిన థామస్ మన్రో పాలెగాళ్లను అణచి, రైతు పేరిట పట్టా రాసే పద్ధతి తెచ్చాడు. పట్టా ఎవరి పేరిట రాశారు, గేరివాళ్ల పేరిట ఎందుకు రాయలేదు అన్నది మన నేల కథ. 'హనుమాన్' పాలెగాడికి నేల లేదు. వాడు ఒక వస్తాదు మాత్రమే.

ప్రశాంత్ వర్మ ఒక్కరిదే ఈ బరువంతా అనడం సరికాదు. 2023లో వచ్చిన 'విరూపాక్ష' చూడండి. చేతబడి చేస్తున్నారన్న అనుమానంతో ఊరంతా కలిసి భార్యాభర్తలను తగలబెట్టడంతో కథ మొదలవుతుంది. చివరికి ఆ చావులకు ప్రతీకారంగా క్షుద్రపూజలతోనే ఊరిని చంపుతున్నారని తేలుతుంది. భయపెట్టడంలో తిరుగులేని సినిమా. అయితే తగలబడినవాళ్లు నిజంగానే మంత్రగాళ్లని సినిమా తీర్పు ఇచ్చేసింది. చేతబడి అనుమానంతో తెలుగు పల్లెల్లో చెట్టుకు కట్టేసి కొట్టినవాళ్ల, పళ్లు పీకినవాళ్ల వార్తలు చదివినవాళ్లకు ఆ తీర్పు ఎవరి మీద పడుతుందో తెలుసు. హొళగుంద దాటితే వచ్చే కర్ణాటకలో 2017లో క్షుద్రపూజల నిరోధానికి చట్టం చేశారు. మహారాష్ట్రలో 2013లోనే చేశారు.

మరి హారర్‌తో కులం గురించి మాట్లాడడం కుదరదా? 'హనుమాన్' వచ్చిన నెలకే, 2024 ఫిబ్రవరి 15న, మలయాళంలో రాహుల్ సదాశివన్ 'భ్రమయుగం' విడుదలైంది. ఆయన కూడా హారర్‌నే నమ్ముకున్న దర్శకుడు. 2013లో సైన్స్ ఫిక్షన్‌తో మొదలుపెట్టి, 2022లో 'భూతకాలం' తీశాడు. 'భ్రమయుగం' 17వ శతాబ్దపు కథ. పాటలు పాడుకునే పాణన్ కులపు తేవన్ బానిసత్వం నుంచి తప్పించుకుని, ఆకలితో అడవిలో ఒక పాడుబడ్డ ఇల్లు చేరతాడు. ఇంటి యజమాని పోట్టి, మమ్ముట్టి వేశాడు ఆ వేషం. కులం అడుగుతాడు, తెలుసుకుంటాడు, అయినా లోపలికి రమ్మంటాడు, తన ముందు కూర్చోమంటాడు, అన్నం పెట్టిస్తాడు. ఆ మర్యాదే సినిమాలో మొదటి భయం. పెద్దింటివాడు ఉన్నట్టుండి ఆప్యాయంగా పిలిస్తే గేరి మనిషి ఒళ్లు ఎందుకు జలదరిస్తుందో ఆ దర్శకుడికి తెలుసు. తర్వాత పాచికలాట. పందెంలో తేవన్ తన కాలాన్నే ఓడిపోతాడు. ఇక ఆ ఇల్లు దాటే వీలు లేదు. చేసిన అప్పు తీరక తరాలు ఒకే ఇంట జీతం చేసిన కుటుంబాలు ఎన్నో మన దగ్గరా ఉన్నాయి. నలుపు తెలుపు సినిమా, ముగ్గురు నలుగురు మనుషులు, ఒకే ఇల్లు. దాన్ని తీయడానికి పెద్ద హీరో ఒప్పుకోవడం వాళ్ల అదృష్టం, మన దగ్గర ఆ అదృష్టం ఇంకా రాలేదు.

అమెరికాలో జోర్డన్ పీల్ అదే పని చేశాడు. 2017లో 45 లక్షల డాలర్లతో తీసిన 'గెట్ అవుట్'లో తెల్లవాళ్ల ఉదారమైన ఇల్లే ఉచ్చు. మరుసటి ఏడాది సొంత స్క్రీన్‌ప్లేకి ఆస్కార్ అందుకున్న తొలి నల్లజాతి రచయిత ఆయనే.

తెలుగులో దళిత జీవితం మీద వచ్చిన సినిమాలు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. కరుణకుమార్ 'పలాస 1978' లాంటివి వచ్చినప్పుడల్లా మనం పండగ చేసుకుంటాం. వాటిలో ఎక్కువ భాగం జరిగిన దెబ్బను ఉన్నది ఉన్నట్టు చెప్పే దారి. ఆ దారి కావాలి. అయితే కారంచేడు, చుండూరు, 1998లో మన జిల్లాలోనే జరిగిన వెంపెంట తర్వాత కూడా, దళితుడి శవం చూసి కదలడం మానేసిన ప్రేక్షకుడు ఒకడు తయారయ్యాడు. వాడిని సీట్లో నుంచి కదిలించడానికి హారర్‌కి ఉన్న సత్తా వేరు. ఎందుకంటే హారర్‌లో ప్రేక్షకుడు జాలి పడడు, తానే భయపడతాడు. బాధితుడి చర్మంలో కూర్చుని తలుపు వైపు చూస్తాడు. 'గెట్ అవుట్' చూసిన తెల్లవాళ్లు కూడా చివర్లో పోలీసు బండి దీపాలు కనిపించగానే నల్లవాడి కోసం ఊపిరి బిగబట్టారు.

ఇంకో సంగతి, ఖర్చు. ప్రేమకథకు స్టార్ కావాలి, చరిత్ర కథకు కోటలు కావాలి. హారర్‌కి ఒక ఇల్లు, రాత్రి, శబ్దం చాలు. ఇండిపెండెంట్ దర్శకులు ప్రపంచమంతటా ఈ తలుపు గుండానే లోపలికి వచ్చారు, ప్రశాంత్ వర్మ కూడా. రొమేరో సినిమాకు పేరు మార్చినప్పుడు కాపీరైటు ప్రకటన వేయడం మర్చిపోయారు. దాంతో అమెరికాలో ఆ సినిమా ఎవరి సొత్తూ కాకుండా పోయింది, ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది. ఆదోనిలోనో ఎమ్మిగనూరులోనో హాస్టల్ గదిలో పదిమంది కూర్చుని చూసి, ఆగి, ఒక్కో షాట్ ఎందుకలా పెట్టాడని మాట్లాడుకోవచ్చు. అలాంటి చోటు లేకపోవడమే మన పిల్లలకు అసలు కొరత. ఫోన్లు, ఎడిటింగ్ యాప్‌లు ఇప్పుడు అందరి చేతుల్లో ఉన్నాయి. లేనిది తీసిన దాన్ని చూసి తప్పొప్పులు చెప్పే నలుగురు, ఊళ్లో కెమెరా పట్టుకుని తిరిగితే ఎవడి కొడుకువిరా అని అడగని వీధి.

దసరా దాటాక ఆస్పరి చుట్టుపక్కల ఏ గేరికైనా వెళ్లండి. వరుసగా ఇళ్లకు తాళాలు. వాకిట్లో ముగ్గు లేదు, పొయ్యి రాజెయ్యలేదు. సుగ్గికి పోలేని ముసలివాళ్లు, బడి పోతుందని వదిలేసిన ఒకరిద్దరు పిల్లలు మిగులుతారు. ముంబై నుంచి వచ్చే రైలు స్టేషన్ దాటి గుంతకల్లు వైపు వెళ్లిపోయాక చీకట్లో ఊరు ఎంత నిశ్శబ్దంగా ఉంటుందో ఆ పిల్లలకు తెలుసు. ఆ వేళ తాళం వేసిన ఇంట్లో నుంచి ఎవరో పిలిస్తే, ఆ పిల్ల వెళ్తుందా, వెళ్లదా? కథ ఇక్కడి నుంచి మొదలుపెట్టమని ఈ మధ్య సినిమా తీస్తానంటూ వచ్చిన డిగ్రీ విద్యార్థికి చెప్పాను. ఇంట్లోంచి పిలిచేది దెయ్యమా, మేస్త్రీనా అని అడిగాడు. స్క్రిప్టు ఇంకా రాస్తున్నాడు.